వాదీలో నేను నాటిన జెండా

ఓబులేసు అనని మాటను అన్నాడని చెప్పాను. అన్న మాటను మింగేశాను. దాంతో అతడి పని పోయింది, ఈ దేశానికి తిరిగొచ్చే దారీ మూసుకుపోయింది. తవ్వింది అతడు. తప్పు చోట జెండా నాటింది నేను.

ఇన్నేళ్ళూ ఇది గొంతులో ఇసుకలా ఉంది. మింగుడు పడదు, ఉమ్మితే పోదు. మీకెందుకు చెబుతున్నాను? మీరు నా ముఖం చూడరు గనక కావచ్చు.

సౌదీలో ఉనైజా అనే ఊరి పక్కన వాదీ ఉంది. వానొస్తేనే పారే ఏరు. అందులో ఇసుక ఎత్తే కంపెనీలో నేను ఫోర్‌మన్‌ని. అనుమతి ఎక్కడిదాకా ఉందో అక్కడ ఎర్రజెండాలు నాటేవాళ్ళం. పనివాళ్ళకు కాగితాలు చూపించరు. వాళ్ళకు జెండానే హద్దు. ఒక చలికాలం వరదొచ్చి జెండాలన్నీ కొట్టుకుపోయాయి. సర్వేయరు వచ్చి చూపించాకే మళ్ళీ నాటాలి. ఆయన రాలేదు. లారీలు నిలబడిపోయాయి, మేనేజరు ఫోన్ల మీద ఫోన్లు చేస్తున్నాడు. పెన్న ఒడ్డున పుట్టినవాణ్ణి, ఏటి హద్దు నాకు తెలియదా అనుకుని కంటి అంచనాతో నాటేశాను. హద్దు ఒక ఖర్జూరతోట వైపు జరిగింది. తవ్వేకొద్దీ ఆ రైతు బావి గట్టు కుంగింది.

రైతు ఫిర్యాదు మీద తనిఖీ అధికారి వచ్చాడు. మా కంపెనీ గదిలోనే విచారణ. ఇసుక ఎత్తే షావల్ నడిపే ఓబులేసును పిలిపించారు. మా పక్క మండలం వాడు. ఆఫీసుల్లో మనవాళ్ళందరి తరఫునా మాట్లాడేది నేనే. పాత పేపర్లు ముందేసుకుని అరబ్బీ సొంతంగా నేర్చుకున్నవాణ్ణి. ఇతడు చెప్పుకునేదేమిటని అధికారి నన్నే అడిగాడు.

ఓబులేసు నావైపు తిరిగాడు.

"జెండా యాడుంటే ఆడిదాకా తవ్వినా చిన్నాయనా. నాటింది నువ్వే గదా, నువ్వే చెప్పు సారుకు. జెండాకు నోరుంటే అదే చెప్పుండు" అని నవ్వాడు కూడా. నన్ను అంత నమ్మాడు.

నేను అరబ్బీలో అన్నాను: "తప్పయింది, క్షమించండి అంటున్నాడు."

అధికారి రాసుకున్నాడు. అసలు ఆయనకున్నది రాసుకునే అధికారమే. తేల్చాల్సింది పై ఆఫీసు. అక్కడ మనిషి తన మాట తాను చెప్పుకోవచ్చు, నన్ను కాదని వేరే దుబాసీని అడగవచ్చు. గోడకంటించిన ఆ నిబంధనలను అక్షరమక్షరం చదివినవాణ్ణి నేను. ఒప్పుకున్నాడుగా, ఇంక పైదాకా ఎందుకన్నాడు మేనేజరు. అధికారి తలూపాడు. నేనూ తలూపాను. ఓబులేసుకు ఖురూజ్ కొట్టి, అంటే మళ్ళీ రావడానికి లేకుండా వీసా తీసేసి, ఇంటికి పంపేశారు.

గల్ఫుకు రాకముందు పెన్నలో ఇసుక రేవు గురించి సభ పెట్టి, ఊరివాళ్ళను నోరెత్తనివ్వకుండా లేచిపోతున్న అధికారికి అడ్డంగా నిలబడ్డవాణ్ణి నేను. మా మాట వినకుండా సంతకం పెట్టడానికి నువ్వెవరు అని అరిచాను. ఆ రోజు తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్ళు మండుతుంది. ఎవరి మీద? ఆయన కనీసం ఊరి మాట వినకుండా పోయాడు. నేను విని, మార్చి చెప్పాను. ఇక్కడ ఉండనిచ్చే కార్డు, ఇకామా, పోతుందని భయపడ్డాను, నిజమే. మరి అతడిది పోలేదా?

తర్వాత ధైర్యం తెచ్చుకుని పై ఆఫీసుకు వెళ్ళాను. కేసు ముగిసింది, మనిషి దేశం దాటాడు, నువ్వెవరి తరఫున అడుగుతున్నావు అన్నారు. తిరిగొచ్చాను. ఇంకేం చేయగలనో అప్పుడూ తెలియలేదు, ఇప్పుడూ తెలియదు.

మొన్న అతడి నంబరు దొరికింది. జరిగిందంతా వాయిస్ మెసేజ్‌లో చెప్పాను. క్షమించమని మాత్రం అడగలేదు. ఆ మాటను అతడి పేరు మీద ఒకసారి వాడేశాను. చెప్పాక ఊపిరి కొంచెం ఆడింది. అంతే. ఈ పొద్దున జవాబొచ్చింది:

"చిన్నాయనా, ఆ పొద్దు నువ్వేమంటివో నాకు అప్పుడే తెలుసు. ఆ మాత్రం అరబ్బీ నాకూ వచ్చు. నువ్వే మళ్ళా సరిజేస్తావులే అని ఊరకుంటి. పాస్‌పోర్టు చేతిలో పెట్టేదాకా నీ తట్టే చూస్తా ఉంటి."