‘ఒంటరి’ సినిమాలో మా మావయ్య

ఆ రోజుల్లో నాకు మాటలంటే మహా చిన్నచూపు. మాటల్లేని సినిమాయే అసలు సినిమా అని స్నేహితులం రోజుల తరబడి (మాట్లాడుకునే) తేల్చేశాం. డిగ్రీ అయింది, ఉద్యోగం లేదు, గడ్డం మాత్రం ఉంది. “ఆ మూకీ షార్ట్ ఫిల్ముల పోటీలో నీది ఎంపికైతే ఏడాది నీ ఇష్టం. లేదంటే మండపేట రైసుమిల్లు ఆఫీసులో కూర్చో” అన్నారు నాన్నగారు. అంటే నా బతుకంతా ఆ ఐదు నిమిషాల మీదే ఉందన్నమాట.

కథ గొప్పది (నేనే రాశాను). పేరు ‘ఒంటరి’. మిల్లులో ధాన్యం ఆరబోసే పెద్ద గచ్చు మధ్య ఒక మనిషి కూర్చుని క్యారేజీ విప్పి తింటుంటాడు. బస్తాలు మోసే మనిషి ఒకడు అతణ్ణి పట్టించుకోకుండా దాటిపోతాడు. లోకం తీరు అదే కదా! ఎక్కడా కట్ లేకుండా ఒకే షాట్. హీరో మా మావయ్య, రిటైరైన లెక్కల మేష్టారు. కెమెరా నా ఫోను, స్టాండు మిల్లువాళ్ళ నిచ్చెన.

మొదటి టేకులో ఆ బస్తాల మనిషి దగ్గరికి రాగానే మావయ్య తలెత్తి, “రండి, భోంచేద్దాం” అన్నారు. “మీరు కానివ్వండి” అన్నాడతను.

“మావయ్యా, మీరు ఒంటరివారండీ! ఎవర్నీ పిలవకూడదు.”

“మనిషి ఎదురుగా ఉంటే రమ్మనకుండా ముద్దెలా ఎత్తమంటావురా? ఏమనుకుంటాడు?”

రెండో టేకులో నోరు మెదపలేదు, చేత్తో పిలిచారు. “మాట్లాడలేదు కదరా!” అని దబాయింపు ఒకటి.

ఫోనులో ఇంకొక్క టేకుకే చోటుంది. సాయంత్రంతో గడువు ఆఖరు. ఈసారి ఏం జరిగినా ఆపేది లేదనుకున్నాను. మావయ్య మళ్ళీ చెయ్యూపారు. ఇన్నిసార్లు పిలిపించుకుని రాకపోతే బాగోదని ఆ మనిషి వచ్చి కూర్చున్నాడు. అతణ్ణి చూసి ఇంకో ముగ్గురు. క్యారేజీ మూతల్లో పులిహోర వడ్డన మొదలైంది. చివరికి మావయ్య కెమెరా వైపు తిరిగి నాకూ సైగ చేశారు. అవతల ఒంటిగంట దాటింది. దర్శకుణ్ణయ్యుండీ నేనూ వెళ్ళి కూర్చుని తిన్నాను.

వేరే దారి లేక అదే పంపాను. పేరైనా మార్చలేదు. ఎంపికైంది! ఆ పేరు కింద ఆ పంక్తి భోజనం పెట్టడం గొప్ప వ్యంగ్యమని జడ్జీలు అన్నారట. నాన్నగారు సినిమా చూసి కళ్ళనీళ్ళొచ్చేలా నవ్వి, ఏడాది ఇచ్చేశారు.

ఆ ఏడాది ఇంకా అవలేదు. ఇప్పుడు హైదరాబాదులో, ఎడిటింగు గదిలో, పార్సిలు అన్నం ముందు పెట్టుకుని ఒక్కణ్ణే తింటుంటే ఆ గడ్డం కుర్రాడు గుర్తొచ్చి నవ్వొస్తుంది. ఒంటరితనం మీద సినిమా తీయబోయిన ఆ మహానుభావుడు అప్పటిదాకా ఒక్క పూటైనా ఒక్కడే కూర్చుని అన్నం తిని ఎరగడు.