నాలుగో క్వార్టర్ డోలు

ఫిబ్రవరి 26, ఆదివారం, సాయంత్రం 7 గంటల 52 నిమిషాలు. స్కోరు 74–74. నాలుగో క్వార్టర్‌లో ఇక రెండు సెకన్లే మిగిలాయి. లెబనాన్ జాతీయ బాస్కెట్‌బాల్ జట్టు కెప్టెన్ నిజార్ దబ్బూస్ ఫ్రీ త్రో గీత దగ్గర నిలబడ్డాడు. ఎవరూ అడ్డురాని ఆ రెండు షాట్లలో ఒక్కటి బుట్టలో పడినా దేశం ప్రపంచ కప్పుకు వెళ్తుంది. దేశంతో పాటు, అభిమానుల విమానంలో డోలు వాయించేవాడికని ఉంచిన ఒకే ఒక్క సీటులో ఘత్తాస్ అబీ నాదిర్ కూడా వెళ్తాడు. డోలు ఆ క్షణాన అతని భుజానికే ఉంది.

ఘత్తాస్ మా సిన్ ఎల్ ఫీల్ పేటలో సోఫాలకు గుడ్డ తొడుగుతాడు, సనోబర్ క్లబ్బుకు డోలు వాయిస్తాడు. రెండింటిలో ఏది వృత్తో పెళ్లయిన ఇరవై రెండేళ్లకూ అతని భార్య జోర్జెట్‌కు తేలలేదు. పెద్దకొడుకు పేరు మీద అందరూ అతన్ని అబూ మిలాద్ అని పిలుస్తారు.

సనోబర్ కొండ వైపు క్రైస్తవుల క్లబ్బు. షాతీ సముద్రం వైపు ముస్లింలది. అవతలి మతం వాళ్ల మీద తనకు ఏ విరోధమూ లేదని ఘత్తాస్ ఎవరూ అడగకపోయినా చెబుతాడు. వాళ్ల సోఫాలకు గుడ్డ తొడుగుతాడు, వాళ్ల ఇళ్లలో చేపలు తింటాడు, వాళ్ల పండుగకు మిఠాయి పంపుతాడు. వాళ్ల ఫ్రీ త్రోలు మాత్రం పడకూడదు.

అందుకు అతని దగ్గర ఒక పద్ధతి ఉంది. నిజార్ షాతీ క్లబ్బు ఆటగాడు. ఫ్రీ త్రోకు ముందు బంతిని మూడుసార్లు నేలకు కొడతాడు. మూడో దెబ్బకూ బంతి చేతిని వదలడానికీ మధ్య సుమారు ఒకటిన్నర సెకను. సరిగ్గా ఆ వ్యవధిలో ఘత్తాస్ ఒక విరుపు దరువు వేస్తాడు: రెండు దెబ్బలు, ఒక ఖాళీ, మళ్లీ ఒక దెబ్బ. ఆ ఖాళీలో ఆటగాడి మోచెయ్యి బిగుసుకుంటుందని అతని సిద్ధాంతం. తొమ్మిదేళ్లుగా నిజార్ మీద ఈ ప్రయోగం నడుస్తోంది. గురి తప్పినవన్నీ దరువు ఖాతాలోకి, పడినవన్నీ అదృష్టం ఖాతాలోకి వెళ్తాయి. నేను బడిలో భౌతికశాస్త్రం చెబుతాను. ఆట రోజుల్లో కోర్టు పక్కన స్కోరు బల్ల దగ్గర కూర్చుని షాట్లు లెక్కపెడతాను. ఇలాంటి ప్రయోగాన్ని శాస్త్రం ఎందుకు ఒప్పుకోదో ఒకసారి ఘత్తాస్‌కు వివరించాను. శ్రద్ధగా విని, కాఫీ ఇచ్చి పంపించాడు.

జాతీయ జట్టు ఆడేటప్పుడు ఒక ఇబ్బంది ఉంది: రెండు క్లబ్బుల వాళ్లూ ఒకే జట్టు వైపు కూర్చోవాలి. అందుకని ఒక కమిటీ వేసుకున్నారు. అటు ఆరుగురు, ఇటు ఆరుగురు, మధ్యస్థుడిగా ఏ వైపుకూ చెందని పళ్ల డాక్టరు వారుజాన్. షాతీ డోలు వాయించే హాజ్ మిస్బాహ్ పళ్లరసాల దుకాణంలో నాలుగుసార్లు సమావేశమయ్యారు. దేశభక్తి మీద అందరిదీ ఒకటే మాట. తేలవలసింది డోలు ఎవరిదన్నదే.

"మొదటి దరువు నాది కాకపోతే మా వాళ్లు సీట్లలోంచి లేవరు, అబూ మిలాద్," అన్నాడు మిస్బాహ్.

"లేవరా? పోయిన ఫైనల్లో మూడో క్వార్టరుకే లేచి ఇళ్లకి పోయారుగా, హాజ్."

"ట్రాఫిక్ ఉంటుందని పోయాం. మీ వీధిలో కప్పు ఊరేగింపు ఎప్పుడూ ఉండదు కాబట్టి నీకు ట్రాఫిక్ తెలీదు."

నాలుగో సమావేశంలో ఒప్పందం కుదిరింది. ఒకటి, మూడు క్వార్టర్లు మిస్బాహ్‌వి. జాతీయ గీతం తర్వాత మొదటి దరువు వేసే గౌరవమూ అతనిదే. రెండు, నాలుగు ఘత్తాస్‌వి. దేశం గెలిస్తే, చివరి కూత మోగేటప్పుడు డోలు ఎవరి దగ్గర ఉంటే విమానం సీటు వారిది. గౌరవం దక్కించుకుని అవతలి వాళ్లను మోసం చేశామని ఒక ఆరుగురు, సీటు దక్కించుకుని మోసం చేశామని మరో ఆరుగురు సంతోషంగా చేతులు కలిపారు. ప్రతి కుర్చీనీ ముందుగానే సగం సగం పంచుకునే దేశం మాది. పంచకుండా ఒకటి మిగిలిపోవచ్చని ఎవరికీ తోచలేదు.

ఆట రోజు పొద్దున జోర్జెట్ దేశ జెండాలోని దేవదారు చెట్టు బొమ్మ ఉన్న చొక్కా ఇస్త్రీ చేస్తూ అడిగింది:

"ఘత్తాస్, నిజార్ గీత దగ్గరికి వస్తే ఏం చేస్తావ్?"

"ఇవాళ వాడు మనవాడు. చేతులు కట్టుకుని కూర్చుంటా."

"నాకెందుకు చెబుతావ్? ఆ చేతులకి చెప్పు."

రెండో క్వార్టర్ బాగానే గడిచింది. సనోబర్ ఆటగాడు బుట్టలో వేస్తే డోలు పెళ్లి ఊరేగింపులా మోగింది. షాతీ ఆటగాడు వేస్తే రశీదు ఇచ్చినట్టు ఒక్క దెబ్బ పడింది. ఎవరూ తప్పు పట్టలేదు. మిస్బాహ్ తన వంతులో చేసిందీ అదే.

ఇప్పుడు నిజార్ గీత దగ్గర ఉన్నాడు. బంతి నేలను తాకింది: ఒకటి, రెండు, మూడు. డోలు మోగింది. రెండు దెబ్బలు, ఖాళీ, ఒక దెబ్బ. బంతి ఇనుప చట్రానికి తగిలి వెనక్కి వచ్చింది.

"అబూ మిలాద్, నీ బుర్ర గుడ్డ తొడిగే దుకాణంలో మర్చిపోయి వచ్చావా?" అన్నాడు మిస్బాహ్.

"నేను కాదు. చెయ్యి."

"అయితే దాని మీద కూర్చో."

ఘత్తాస్ నిజంగానే కుడిచేతిని తొడ కింద పెట్టుకుని కూర్చున్నాడు. సన్న బెత్తం పట్టుకునే ఎడమచెయ్యి ఒకటుందని ఇద్దరికీ గుర్తు రాలేదు. మూడో దెబ్బ తర్వాత ఎడమచెయ్యి ఆ దరువును ఒంటరిగా, ఒక్క అక్షరం తప్పకుండా పూర్తి చేసింది. రెండో బంతి కూడా తిరిగి వచ్చింది. నిజార్ తల తిప్పి పైకి చూశాడు. ఆ దరువు ఎవరిదో అతనికి ఒకరు చెప్పనక్కరలేదు.

అదనపు సమయం: అయిదు నిమిషాలు.

"డోలు ఇటివ్వు," అన్నాడు మిస్బాహ్, పట్టీ ఒక కొస లాగుతూ. "ఒకటీ, మూడూ నావి. తర్వాత వచ్చేది అయిదు. అదీ బేసి సంఖ్యే."

"ఇది అయిదోది కాదు, హాజ్. నాలుగోదానికే తోక. ఫౌళ్ల లెక్క కూడా నాలుగోదాంట్లోంచే సాగుతుంది. కావాలంటే మాస్టారుని అడుగు."

నియమావళి ప్రకారం ఫౌళ్ల సంగతి నిజమే. కాని డోళ్ల గురించి అందులో ఏమీ లేదు. కమిటీ అక్కడే మెట్ల మీద సమావేశమై ఓటు వేసింది. ఆరు, ఆరు. నిర్ణయం వారుజాన్‌కు వదిలారు. నలభై ఏళ్లుగా ఈ నగరంలో రెండు వైపుల వాళ్ల పళ్లూ పీకుతున్న వారుజాన్, ఎవరినీ నొప్పించని మార్గం ఎంచుకున్నాడు. ఇద్దరి చేతుల్లోంచీ డోలు తీసుకుని, కింద పెట్టి, దాని మీద కూర్చున్నాడు.

"ఆలోచించుకోనివ్వండి నాయనా," అన్నాడు.

అతను ఆలోచించుకుంటుండగా ఘత్తాస్, మిస్బాహ్ కోర్టుకు వీపు తిప్పి వాదించుకున్నారు. జనం ఆటనూ వాదననూ మార్చి మార్చి చూస్తూ అరవడం మరిచిపోయారు. అంత నిశ్శబ్దంలో ఆటగాళ్ల బూట్ల కీచులు బల్ల దాకా వినిపించాయి. చివరి కూత మోగింది. లెబనాన్ 87, ఎదుటి జట్టు 80. హాలు ఒక్కసారిగా లేచింది. వారుజాన్ లేవలేదు. అందువల్ల ఒప్పందం ప్రకారం కూత వేళకు డోలు అతని దగ్గరే ఉంది. సీటు అతనిదే అయింది. అంతవరకు ఏ విషయంలోనూ కలవని పన్నెండు మందీ ఇదొక్కటి ఏకగ్రీవంగా ఒప్పుకున్నారు, సీటు అవతలి వాళ్లకు పోలేదన్న తృప్తితో.

మూడు రోజుల తర్వాత ఘత్తాస్ మా ఇంటికి వచ్చాడు, వెనకే జోర్జెట్. రెండో సీటు కోసం బాస్కెట్‌బాల్ సమాఖ్యకు అర్జీ పెడతాడట. డోలు మోగకపోతే జట్టుకు ఎంత నష్టమో అంకెల్లో చూపించాలట.

"మాస్టారూ, ఆ అయిదు నిమిషాల్లో మా ఇద్దరిలో ఎవరూ వాయించలేదు. అవునా?"

"అవును."

"మనవాళ్లకి ఫ్రీ త్రోలు వచ్చాయి కదా?"

"తొమ్మిది."

"అడక్కు, ఘత్తాస్," అంది జోర్జెట్.

"నువ్వుండు. మాస్టారు లెక్క తప్పరు. చెప్పండి, ఆ తొమ్మిదిలో ఎన్ని పోయాయి?"

"సున్నా."