అంత్యక్రియలు అనే ఫోల్డరు

సెఫాకోర్‌కి యాభై ఒక్క ఏళ్ళు. హో పట్టణంలోని ఆరోగ్య కేంద్రంలో పురుళ్ళు పోసే నర్సు. ఆమె చేతుల మీద పుట్టినవాళ్ళు ఇప్పుడు టాక్సీలు నడుపుతున్నారు, బళ్ళో పాఠాలు చెబుతున్నారు. బజారులో యామ్ దుంపలు బేరమాడుతుంటే వెనకనుంచి ఎవరో చెయ్యి పట్టుకుని తనకి నెల తప్పిందంటారు. చర్చిలో కళ్ళు మూసుకుంటే పక్కనావిడ మోచేత్తో పొడిచి బిడ్డకి విరేచనాలంటుంది. ఇంటికొస్తే తమ్ముడు, మరదలు, వాళ్ళ పిల్లలు ముగ్గురు, మేనత్త. సెఫాకోర్‌కి పెళ్ళి కాలేదు కాబట్టి ఆమె సమయమంతా ఊరుమ్మడి సొత్తని అందరి నమ్మకం. స్నానాల గదిలో ఉన్నా తలుపు కొట్టి మాట్లాడతారు.

అలాంటి మనిషి దేవుణ్ణి కోరుకున్నది ఒక్కటే. మధ్యాహ్నం డ్యూటీ ఉన్న రోజుల్లో, పొద్దున పది నుంచి పదకొండు దాకా, తన ఫుట్‌బాల్ జట్టుతో తనని వదిలెయ్యమని.

జట్టంటే కంప్యూటరులోది. ఆటగాళ్ళని ఎంచుకోవాలి, తర్ఫీదు ఇప్పించాలి, ఎవణ్ణి ఆడించాలో ఎవణ్ణి కూర్చోబెట్టాలో తేల్చాలి, ఓడితే తిట్లు తినాలి. నాలుగేళ్ళ క్రితం ఆరోగ్య కేంద్రంలో శిక్షణకొచ్చిన ఒక కుర్ర నర్సు చూపించింది. సెఫాకోర్ మూడో డివిజన్‌లో అట్టడుగున ఉన్న జట్టుని తీసుకుని, పన్నెండు సీజన్లు ఆడి, మొదటి డివిజన్‌కి తెచ్చింది. ఆ గంటలో ఎవరూ నొప్పులు పడరు. ఎవరూ రక్తం కారి చావరు. ఆమె చెప్పిన మాట పదకొండు మంది వింటారు. అంత సుఖం ఆమెకి ఇంకెక్కడా లేదు.

ఇక ఆ కంప్యూటరు. తమ్ముడు సెన్యో చర్చి పెద్దల్లో ఒకడు. ఎవరో దాతలు పంపిన పాతదాన్ని తెచ్చి, హాల్లో బల్లమీద పెట్టి, లేసుగుడ్డ కప్పాడు. దాంట్లో సెన్యో చర్చి కాగితాలు, అతని భార్య డెలాలి కేకుల ఆర్డర్లు, పిల్లల చదువులు, అన్నీ ఒకే చోట కలగాపులగంగా ఉంటాయి. ఎవరి వాటా వాళ్ళకి పంచి తాళం పెట్టుకుందామని సెఫాకోర్ ఓసారి అంది.

"తాళమా? నాన్న కట్టిన ఇంట్లో, మన మధ్య తాళమేంటక్కా?" అన్నాడు సెన్యో, ఆవిడేదో గోడ కట్టమన్నట్టు. మాట అక్కడితో ఆగిపోయింది.

ఆట ఆడుతున్నానని చెప్పేస్తే పోయేది కదా అని మీకనిపించవచ్చు. చెప్పే వీలు లేకుండా ఆమె నోరే చేసింది. జనవరిలో సెన్యో పెద్దకూతురు యాయ్రా పరీక్షల ఏడాదిలో కార్ల పందేల ఆట ఆడుతూ దొరికింది. సెఫాకోర్ అక్కడికక్కడే ఆ ఆటని చెరిపేసింది. అంతటితో ఊరుకోక చర్చి స్త్రీల సమావేశంలో లేచి, కంప్యూటర్ ఆటలు పిల్లల బుర్రల్ని ఎలా తినేస్తున్నాయో ఇరవై నిమిషాలు దంచింది. అందరూ చప్పట్లు కొట్టారు. సెన్యో ఇంటికొచ్చి దాన్ని శాసనం చేశాడు. ఈ ఇంట్లో ఎవరూ, ఏ ఆటా ఆడకూడదు. ఆ రోజు నుంచి సెఫాకోర్ తన తాడుతో తానే కట్టేసుకున్న మేక.

దాచడానికి ఆమె పడ్డ పాట్లు చెప్పాలంటే తల ప్రాణం తోకకొస్తుంది. ముందు 'ఆరోగ్య కేంద్రం నివేదికలు' అని ఫోల్డరుకి పేరు పెట్టి అందులో ఆటని దాచింది. డెలాలికి రోగాల బొమ్మలు చూడటమంటే సరదా, రెండో రోజే తెరవబోయింది. 'మంత్రిత్వ శాఖ ఉత్తర్వులు' అని మార్చింది. తమ్ముడికి ఉత్తర్వులంటే ప్రాణం. 'పాత ప్రార్థనలు' అంటే ఎవరూ ముట్టరనుకుంది. సెన్యో పాపం ప్రార్థన కోసం వెతుక్కుంటూ వచ్చాడు. ఆఖరికి తండ్రి చనిపోయినప్పుడు చేసిన 'అంత్యక్రియలు' ఫోల్డరు కనబడింది. ఆయన ఎక్కడ పుట్టాడో, ఎలా బతికాడో రాసి చావుకొచ్చినవాళ్ళకి పంచిన కార్యక్రమం పుస్తకం అందులోనే ఉంది. నాలుగేళ్ళయింది. అయిపోయిన చావు కాగితాలు మళ్ళీ ఎవరు చూస్తారు? ఆటని తీసుకెళ్ళి అందులో పెట్టింది, పాస్‌వర్డ్ వేసింది, గుండెల మీద చెయ్యి వేసుకుని నాలుగు నెలలు హాయిగా ఆడింది.

ఆ కాలంలోనే మేనత్త అబ్రాకి దగ్గు పట్టుకుంది. ఎనభై ఆరేళ్ళు ఆవిడకి. తల్లి పోయాక సెఫాకోర్‌నీ సెన్యోనీ పెంచింది ఆవిడే. దగ్గుకి మందు సెఫాకోరే తెచ్చి పోస్తోంది, తగ్గుతోంది కూడా.

ఒక బుధవారం యాయ్రా తన వ్యాసం ఎక్కడ పెట్టిందో తెలియక, కంప్యూటరులోవన్నీ తేదీల వరసలో పేర్చింది. అన్నిటికంటే పైన 'అంత్యక్రియలు' అని వచ్చింది. ఆ రోజు పొద్దున పది యాభైకి మారినట్టుంది. తెరిస్తే పాస్‌వర్డ్ అడిగింది. పిల్ల పరుగున వెళ్ళి తల్లికి చెప్పింది.

డెలాలి లెక్క వేసుకుంది. పది యాభైకి ఇంట్లో, అత్తమ్మ కాక, ఉన్నది వదిన ఒక్కతే. వదిన నర్సు. దగ్గుతున్నది అత్తమ్మ. తాళం వేసి మరీ అంత్యక్రియల కార్యక్రమం రాస్తోందంటే డాక్టరు ఏదో చెప్పే ఉండాలి, అది మనకి చెప్పలేక లోపల్లోపల కుమిలిపోతోంది. సాయంత్రానికి సెన్యోకి తెలిసింది. మర్నాటికి అఫ్లావోలో ఉన్న కొకు బాబాయికి తెలిసింది. సెఫాకోర్‌కి మాత్రం ఎవరూ చెప్పలేదు. ఆమె బాధలో ఉంది కదా, కదిలించకూడదని.

ఇంట్లో గాలి మారిపోయింది. చేప తల అత్తకే వేస్తున్నారు. రేడియో గొంతు తగ్గించారు. సెన్యో పొద్దునా సాయంత్రం అత్త నెత్తిమీద చెయ్యి పెట్టి ప్రార్థిస్తున్నాడు. సెఫాకోర్ కంప్యూటర్ దగ్గర కూర్చోబోతే చాలు, డెలాలి వెనకనుంచి వచ్చి భుజం నిమురుతోంది.

"రాయండి వదినా, రాయండి. నేను ఈ పక్కకి రానులెండి," అంటుంది, కళ్ళు తుడుచుకుంటూ. అని అక్కడే నిలబడుతుంది.

ఆ బుధవారం తరవాత సెఫాకోర్ ఒక్క మ్యాచ్ ఆడలేకపోయింది. జట్టు ఫైనల్లో ఉంది. ఒళ్ళు మండిపోతోంది. ఏం రాయమంటోందో ఈ పిల్ల! లేసుగుడ్డ మళ్ళీ కప్పేసి, పళ్ళు నూరుకుంటూ డ్యూటీకి పోయేది.

ఆదివారం చర్చి నుంచి వచ్చి, అక్‌ప్లే అనే మొక్కజొన్న పిండి ముద్దలు బెండకాయ పులుసుతో తిని లేచేసరికి కొకు బాబాయి చంకలో మూటతో దిగాడు. ఆయనకి నీళ్ళిచ్చారు. తాగి, గొంతు సవరించుకుని, మూట విప్పి నేల మీద మూడు గుడ్డలు పరిచాడు. మూడూ తెలుపు నలుపు. నిండు వయసులో పోయినవాళ్ళ చావుకి ఇంటివాళ్ళంతా కట్టుకునేవి.

"చూడమ్మా సెఫా. మా అక్కకి ఏది బాగుంటుందో నువ్వే చెప్పు. కార్యక్రమం రాసేదానివి నువ్వు కదా," అన్నాడు.

"ఏ కార్యక్రమం బాబాయ్?"

"ఇంకా దాపరికమెందుకక్కా," అన్నాడు సెన్యో మెల్లగా. "ఫోల్డరు చూశాం. డాక్టరు ఏమన్నాడో చెప్పెయ్. తట్టుకుంటాం."

సెఫాకోర్‌కి ఒక్క నిమిషం అర్థం కాలేదు. అర్థమయ్యాక బల్ల మీది లేసుగుడ్డ కేసి చూసింది.

"అవి నాన్న కాగితాలురా."

"నాన్నవైతే ఈ బుధవారం ఎందుకు మారాయి?"

"అది... అక్షరాలు సరిచేశాను."

"నాలుగేళ్ళ తరవాత, ఆయన చావులో అక్షరాలు సరిచేశారా వదినా?" అంది డెలాలి, ఏడుపు ఆపుకుంటూ. "తాళం వేసి మరీనా?"

"నీకెందుకే? అన్నీ కావాలి నీకు. ఈ ఇంట్లో ఒక మనిషికి ఒక్కటంటే ఒక్కటి సొంతంగా ఉండకూడదా?"

"అరవకమ్మా," అన్నాడు కొకు బాబాయి. "మందు పోస్తున్నది నువ్వు. లోపల చావు కాగితాలు రాస్తున్నదీ నువ్వే. నేను కాబట్టి సరే. బయటివాళ్ళు వింటే ఏమనుకుంటారు?"

అబ్రా అత్త గుమ్మం పక్క పీట మీద కూర్చుని ఉంది. అన్నీ విన్నది. సెఫాకోర్ కేసి సూటిగా చూస్తోంది. ఆ చూపులో కోపం లేదు, దేనికోసమో ఎదురుచూస్తున్నట్టుంది. ఆవిడ తనని అనుమానిస్తోందేమోనని సెఫాకోర్‌కి అనిపించింది. పరువు పోతే పోనీ. తనని పెంచిన మనిషి, తన చేతి మందు తాగడానికి భయపడే రోజు రాకూడదు.

లేచి వెళ్ళి లేసుగుడ్డ లాగి పారేసింది. పాస్‌వర్డ్ కొట్టింది. తెర నిండా పచ్చ మైదానం, దాని మీద పదకొండు చొక్కాలు, పక్కన ఈలలు, డప్పులు.

ముందు యాయ్రాకే వెలిగింది. "ఆటా?" అంది. "అత్తా! ఆటా?"

తరవాత జరిగింది సెఫాకోర్ తలుచుకోవడానికి ఇష్టపడదు. కొకు బాబాయి నేల మీద దొర్లి నవ్వాడు. డెలాలి ఏడవాలో నవ్వాలో తెలియక రెండూ చేసింది. సెన్యో, చర్చి పెద్ద, నోరు తెరుచుకుని అక్కనీ తెరనీ మార్చి మార్చి చూశాడు.

"నా కార్లు చెరిపేశావు," అంది యాయ్రా. దానికి కళ్ళలో నీళ్ళు తిరిగాయి. "అందరి ముందూ తిట్టావు. నువ్వేమో జట్టే పెట్టుకున్నావా?"

సెఫాకోర్ సిగ్గుతో చచ్చిపోతున్న ఆ సమయంలోనే కొకు బాబాయి వచ్చి కుర్చీలో కూలబడి మౌస్ పట్టుకున్నాడు. "ఈ గోల్‌కీపరు ఎవరే, బక్కగా ఉన్నాడు? తీసేద్దామా?"

"ముట్టుకోకు బాబాయ్!" సెఫాకోర్ కేక వేసింది. "వాడు డోట్సే. కేటాలో పుట్టాడు. పదిహేడేళ్ళప్పుడు తీసుకున్నాను వాణ్ణి. ఎడమ మోకాలు రెండుసార్లు పోయింది, రెండుసార్లూ లేచి వచ్చాడు. పన్నెండు సీజన్లలో వాడు నన్ను ఒక్కసారి కూడా..."

తన గొంతు తనకే వినబడి ఆగిపోయింది. అందరూ మళ్ళీ నవ్వారు. గుమ్మం పక్క పీట ఖాళీగా ఉంది.

అబ్రా అత్త తన గదిలో, మంచం మీద గోడ వైపు తిరిగి కూర్చుంది. సెఫాకోర్ వెళ్ళి కాళ్ళ దగ్గర కూర్చుంది.

"అత్తా, నీకేం జబ్బు లేదు. ఒట్టు. దగ్గు కూడా తగ్గిపోయింది. నేనలాంటి కాగితాలేవీ రాయలేదు."

"ఒక్క ముక్క కూడా రాయలేదా?"

"ఒక్క ముక్క కూడా రాయలేదత్తా."

"అదే," అంది ముసలావిడ. "నాలుగు రోజులుగా వింటున్నా, వీళ్ళు చెవులు కొరుక్కోవడం. చస్తానని నాకేం బెంగ లేదే. చావక ఇంకెన్నాళ్ళుంటాను? మొత్తానికి నా గురించి ఎవరో రాస్తున్నారు, అది కూడా నా సెఫానే రాస్తోంది అనుకున్నా. ఏం రాసుంటావా అని రాత్రి పగలు అదే ఆలోచన. అడుగుదామనుకున్నా, సిగ్గేసింది."

సెఫాకోర్ ఆవిడ పాదాల మీద చెయ్యి వేసింది.

"ఆ గోలు కాసేవాడు ఎక్కడ పుట్టాడన్నావు?"

"కేటాలో."

"మరి నేనెక్కడ పుట్టానే?"

"ఇక్కడే కదత్తా. హోలోనే."

ముసలావిడ తల అడ్డంగా ఊపింది. తిట్టలేదు. తిట్టినా బాగుండేది. "సరిహద్దు అవతల, కొండల్లో. మా నాన్న కోకో తోటలో పని చేసేవాడు. అగోవియె అని నాలుగు గుడిసెల ఊరు. ఇప్పుడుందో లేదో. నాకు ఆరేళ్ళొచ్చాక నడిచొచ్చాం ఇక్కడికి, మీ నాన్నని వీపున కట్టుకుని. ఆ పేరు తెలిసినవాళ్ళు నేనొక్కదాన్నే మిగిలాను."

ఇరవై ఆరేళ్ళ నర్సు ఉద్యోగంలో సెఫాకోర్ ఎన్ని వేల పుట్టుకలు రాసిందో. ఊరు, తేదీ, తల్లి పేరు. ప్రతి బిడ్డకీ పొల్లుపోకుండా రాసింది. తనని ఎత్తుకు పెంచిన మనిషిని ఇంతవరకూ అడగాలనిపించలేదు. ఆమెకి తన మీద తనకే అసహ్యం వేసింది.

"ఉండత్తా. ఇప్పుడే రాస్తాను," అని లేచి హాల్లోకి వచ్చింది.

కంప్యూటరు చుట్టూ ఇల్లంతా మూగి ఉంది. కుర్చీలో యాయ్రా, ఆ కుర్చీ ఒక చేతి మీద సెన్యో, ఇంకో చేతి మీద బాబాయి. ఫైనల్ మొదలెట్టేశారు.

"లేవండి. నాకు పనుంది."

"ఆగత్తా, ఇంకా సగం ఉంది," అంది యాయ్రా తల తిప్పకుండా. "మా వంతు అవకుండా లేవం."

"అక్కా, ఆ ఏడో నంబరువాణ్ణి ఎందుకు ఆడించావసలు? దండగ," అన్నాడు సెన్యో.

సెఫాకోర్ ఇంట్లో కలం వెతికింది, ఏ సొరుగులోనూ లేదు. వచ్చి వాళ్ళ వెనక నిలబడింది. ఆ హోరులో ఎక్కడ మర్చిపోతుందోనని, అగోవియె, అగోవియె అని పెదవులు కదుపుతూ, తన వంతు కోసం అలాగే నిలబడింది.