ముళ్లతీగ లోపలి అనుమానం

యూనియన్ సైన్యం వచ్చిన మరుసటి ఏడు, మెట్‌పల్లిలో మగ్గం గుంటలో కూర్చున్న నన్ను లేపి తీసుకెళ్లారు. అడవిలోని కమ్యూనిస్టు దళానికి అన్నం పెట్టానన్నది నా నేరం. పెట్టిన మాట నిజమే, కాని ఒక్కసారే.

కరీంనగర్ బయట ఒక పాత జిన్నింగు మిల్లు చుట్టూ ముళ్లతీగ కట్టి, దాన్నే క్యాంపు అన్నారు. మా షెడ్డులో నలభై మందిమి. పొద్దున తలల లెక్క, మధ్యాహ్నం జొన్న గట్క, సాయంత్రం మళ్లీ లెక్క. నేను దుప్పటి అంచు నుంచి పోగులు లాగి నాడాలు పేనేవాణ్ణి. నాడా ఇస్తే ఎవరో ఒకరు తన గట్కలో ఒక ముద్ద పెట్టేవారు. అలా బతికాను.

ఒకరోజు సిపాయిలు వచ్చి నేరుగా కిటికీ కింది ఇటుక ఊడదీశారు. దాని వెనక మేం దాచిన ఉత్తరాలు ఉన్నాయి. ఇంకే ఇటుకనూ ముట్టలేదు. లోపలివాడే ఉప్పందించాడని అందరికీ అర్థమైంది.

అనుమానం మా షెడ్డులోనే ఖైదీగా ఉన్న భైంసా గుమస్తా మీద పడింది. రోజు విడిచి రోజు అతన్ని ఆఫీసుకు పిలిచేవారు. మరాఠీ కాగితాలు చదివించుకుంటున్నారని చెప్పాడు, ఎవరూ నమ్మలేదు. మాలో పెద్దవాడైన బోథ్ రైతు, "గాయన ఉన్నకాడ నోరు తెరవకుండ్రి" అన్నాడు. గుమస్తా పక్కన పడుకునే నేను దుప్పటి తీసుకుని గోడవైపు జరిగాను. జ్వరంలో అతను నీళ్లడిగితే లేచినవాడు లేడు. నేనూ లేవలేదు.

నెల తర్వాత నన్నూ ఆఫీసుకు పిలిచారు. నా చేతిపని చూసిన హవల్దారు చిరిగిన దోమతెరలు కుట్టమన్నాడు. పని అయ్యాక బెల్లం ముక్క ఇచ్చాడు. నలుగురికీ పంచాలనుకున్నాను. దారిలోనే తినేశాను.

నేను రాగానే షెడ్డులో మాటలు ఆగిపోయాయి. బోథ్ రైతు నా చెయ్యి పట్టుకుని వాసన చూశాడు.

"బెల్లం పెట్టిన్రా?"

"దోమతెరలు కుట్టిన, కాకా."

"గంతేనా?"

గంతేనన్నాను. ఆయన చెయ్యి వదిలి అటు తిరిగాడు.

ఆ పూట గట్క తినేటప్పుడు నా పక్కన ఎవరూ కూర్చోలేదు. గుమస్తా ఒక్కడే వచ్చాడు.

"ఫికర్ చెయ్యకు. ఎంత చెప్పినా ఇనరు."

నేను ఉండబట్టలేక అడిగాను. "నిజంగ నువ్వు చెప్పలేదా?"

అతను గట్క కలుపుతూనే తిరిగి అడిగాడు. "మరి నువ్వు?"

"నేను చెప్పలే."

"నేను గూడ గదే అన్న గదా."

ఆనాటి నుంచి మేమిద్దరం ఒకచోటే తిన్నాం, ఒకచోటే పడుకున్నాం. అయినా మా ఊళ్లో ఎవరెవరు దళానికి సాయం చేశారో అతనికి చెప్పలేదు. అతనూ అడగలేదు. అడగకపోవడం కూడా ఎత్తుగడేనేమో అనిపించేది.

షెడ్డులో అందరికంటే ముందు నన్నే విడిచిపెట్టారు. ఎందుకో చెప్పలేదు. ఇల్లు చేరగానే అవ్వ ఏడుస్తూ అన్నం పెట్టింది. బాపు మాత్రం గడపలోనే నిలబడి, "అందరికంటె ముందుగాల నిన్నే ఎందుకిడిచిన్రు, కొడుకా?" అని అడిగాడు. ఆయన ఆ తర్వాత మళ్లీ అడగలేదు గాని, నేనున్నచోట ఇరుగుపొరుగు మాటలు ఎత్తడం మానేశాడు.

చాలా ఏళ్లకు భైంసా వెళ్లి గుమస్తా ఇల్లు వెతికి పట్టుకున్నాను. చాయ్ పోయించాడు. క్యాంపు పేరెత్తకుండా, నేను పత్తి బేరానికి వచ్చానని ఇంట్లోవాళ్లకు చెప్పాడు. కాదని నేనూ అనలేదు.