రెండో సెట్ వద్దన్న ప్రధాన కార్యదర్శి

ఒక రాజకీయ పార్టీకి ఢిల్లీ రాష్ట్ర ప్రధాన కార్యదర్శి పదవిని నేను ఒక్క కప్పు టీకి సంపాదించాను. ఆ టీ కూడా పార్టీయే ఇప్పించింది. పదవుల కోసం పొలాలమ్ముకున్నవాళ్ళు తిరిగే ఈ ఊళ్ళో ఇంతకంటే చవక బేరం చేసినవాడుంటే చెప్పండి, వచ్చి దండం పెడతాను. చీరాల బజారులో మా నాన్నగారి ఫ్యాన్సీ కొట్టు గల్లాపెట్టె పక్కన పెరిగినవాణ్ణి. పెదనాన్నది బట్టల కొట్టు, మేనమామది ఇనప సామాన్ల కొట్టు. మా ఇళ్ళల్లో పిల్లలకి ఎక్కాలకంటే ముందు "చివరి మాట ఎంత?" అనడం వస్తుంది. ఇప్పుడు నోయిడాలో ఒక కంపెనీ నాకు జీతమిచ్చేది కూడా ఆ మాట అనడానికే. పర్చేజ్ విభాగం నాది. అటువంటి నేను ఒక పార్టీని తిరగేసి చూడకుండా నెత్తికెత్తుకున్నాను.

పదవి ఇచ్చినాయన ఆ పార్టీ రాష్ట్ర అధ్యక్షుడు. గుడివాడ వైపు మనిషి. చుట్టరికమేమీ లేదు గానీ బాబాయ్ గారూ అంటాను. సివిల్స్ రాస్తానని ఢిల్లీ వచ్చిన కొత్తలో, ఓల్డ్ రాజిందర్ నగర్‌లో గది అద్దెలు విని నేను బేరమాడటం కూడా మర్చిపోయిన రోజున, కరోల్ బాగ్‌లో పార్టీ ఆఫీసు నేల మీద చాప పరిచి ఇచ్చింది ఆయనే. సూట్‌కేసుల కొట్టు పైన రెండు గదులు. ముందుది ఆఫీసు, వెనకది ఆయన ఇల్లు. పెళ్ళి చేసుకోలేదు. అడిగితే, "పార్టీ ఒప్పుకోలేదోయ్" అనేవాడు. నేను సివిల్స్ తప్పాను, ఉద్యోగం తెచ్చుకున్నాను, ఢిల్లీ పొలిమేర దాటాక వైశాలిలో ఫ్లాట్ కొనుక్కున్నాను. ఆయన ఆ రెండు గదుల్లోనే ఉండిపోయాడు.

ఆ పార్టీ, పెద్ద పార్టీలో ఇమడలేక బయటికొచ్చినవాళ్ళు పెట్టుకున్నది. రిక్షా తొక్కేవాళ్ళు, ఇటుకలు మోసేవాళ్ళు, ఊళ్ళనుంచి వచ్చి ఇక్కడ గోడలు కట్టి ఆ గోడల పక్కనే పడుకునేవాళ్ళు అందులో ఉండేవారు. జెండా కూడా ఇటుక రంగే. కార్పొరేషన్ సమావేశంలో తమవాళ్ళు ఒక్కరు లేచినా ఎదటివాళ్ళు కుర్చీలు సర్దుకునేవారని బాబాయ్ గారు చెబుతాడు. చూసినవాళ్ళెవరూ మిగల్లేదు కనక నేను కొంత తరుగు తీసి నమ్ముతాను. మిగతా రాష్ట్రాల్లో ఆ పార్టీ చీలి, కలిసి, ఆవిరైపోయింది. ఢిల్లీలో మాత్రం కాగితం మీద బతికుంది.

ఆ కాగితానికే ఎసరు వచ్చింది. ఏళ్ళ తరబడి ఏ ఎన్నికల్లోనూ పోటీ చేయని పార్టీల రిజిస్ట్రేషన్ తీసేస్తున్నామని నోటీసు వచ్చిందని బాబాయ్ గారు ఫోన్ చేస్తే వెళ్ళాను. మెట్లెక్కబోతుంటే కింద సూట్‌కేసుల కొట్టు కుర్రయజమాని ఆపాడు. వాళ్ళ తాత ఈ గదులు అద్దెకిచ్చిన మనిషి. ఇప్పటికీ ఆ పాత అద్దే నడుస్తోంది.

"భయ్యా, అంకల్‌కి మీరే చెప్పండి. దాదాజీ గదులిచ్చింది పార్టీకి, మనిషికి కాదు. పార్టీ హై తో అంకల్ హైఁ, పార్టీ ఉంటేనే అంకల్. పార్టీ నహీఁ, తో..." అని ఊరుకున్నాడు. చెడ్డవాడు కాదు. నా కళ్ళలోకి చూడలేక ఒక సూట్‌కేసు జిప్పు లాగి మళ్ళీ వేశాడు.

పైన బాబాయ్ గారు నోటీసుని బల్ల మీద పెట్టి దాని మీద పేపర్‌వెయిట్ పెట్టాడు, అదెక్కడికో ఎగిరిపోతుందన్నట్టు. టీ చెప్పాడు.

"గెలవక్కర్లేదు అబ్బాయ్. ఒక్కచోట నిలబడితే చాలు. అభ్యర్థుల జాబితాలో పార్టీ పేరు కనబడితే బతికున్నట్టే."

"ఎవరు నిలబడతారు?"

"నేను. నువ్వు ప్రధాన కార్యదర్శివి."

"నాకేం గిడుతుంది బాబాయ్ గారూ?"

"ఆ తాగుతున్నదే."

అలా జరిగింది. ఇంటికొచ్చి చెబితే మా ఆవిడ, "కూరలవాడి దగ్గర కొత్తిమీర ఊరికే తెస్తారనుకున్నాను, పార్టీలు కూడా తేవడం మొదలెట్టారా?" అంది.

అసెంబ్లీ ఎన్నికలు దగ్గర్లోనే ఉన్నాయి. కరోల్ బాగ్ రిజర్వుడు సీటు, బాబాయ్ గారు అక్కడ నిలబడకూడదు. ఢిల్లీలో ఎక్కడ ఓటున్నా ఢిల్లీలో ఏ సీటుకైనా నిలబడవచ్చు కనక పక్కనే ఉన్న రాజిందర్ నగర్ అనుకున్నాం. అక్కడ సివిల్స్‌కి చదివే మన తెలుగు పిల్లలు ఏ మేడ మీద చూసినా కనిపిస్తారు. గుర్తింపు లేని పార్టీ అభ్యర్థికి ఆ నియోజకవర్గం ఓటర్లు పదిమంది ప్రతిపాదిస్తూ సంతకం చేయాలి. పదిమంది తెలుగువాళ్ళా? ఓల్డ్ రాజిందర్ నగర్‌లోనా? నేను నవ్వాను. అది లెక్కలోకి రాని సరుకు అనుకుని, నా బుర్రంతా లెక్కలోకి వచ్చే సరుకు మీద పెట్టాను. సదర్ బజార్‌లో ఇటుక రంగు గుడ్డ తాను బేరమాడాను, తెల్ల గుడ్డ కొసరు వేయించాను. కరపత్రాల ప్రెస్సువాడి చేత కాగితం మందం పెంచించి ధర తగ్గించాను. మైకు కట్టిన ఈ-రిక్షా వాడైతే చివరికి, "సార్, మీరు పార్టీ మానేసి మా యూనియన్‌లోకి రండి" అన్నాడు.

ఒక ఆదివారం తెలుగు మెస్‌లో మీటింగ్ పెట్టాం. ఇడ్లీలు అయిపోయేదాకా ఎవరూ కదలరని నాకు తెలుసు, అందుకే ఇడ్లీలు ఆలస్యంగా తెప్పించాను. బాబాయ్ గారు ఇస్త్రీ చేసిన జుబ్బాతో లేచి నిలబడ్డాడు. ఊళ్ళొదిలి వచ్చినవాడికి ఈ ఊళ్ళో నీళ్ళు, నీడ, మాట ఉండాలని తాము కొట్లాడిన సంగతి చెప్పాడు. పిల్లలు చప్పట్లు కొట్టారు, మొహమాటానికి కాదు, నిజంగానే. ఒకడు పార్టీ చరిత్ర నోట్సు రాసుకున్నాడు. బాబాయ్ గారు కూచుని నా చెయ్యి పట్టుకున్నాడు. "చూశావా, మన పార్టీ లేచింది" అన్నాడు. ఆ క్షణాన నాక్కూడా అది నా పార్టీయే అనిపించింది.

నేను అందరినీ అడిగాను: "ఓటు ఉందా?"

"ఉందంకుల్!" అన్నారు కోరస్‌గా. కొందరు కార్డులు కూడా తీసి చూపించారు. బోలెడుమంది. పది పేర్లు ఎంచుకోవడమే కష్టమనుకుని వచ్చేశాను.

నామినేషన్లకి మర్నాడే ఆఖరు అనగా సంతకాలకి మళ్ళీ ఆ మెస్‌కే వెళ్ళాను. అనంతపురం అమ్మాయి ఒకతె ఫారం చదివి పెన్ను మూసేసింది.

"అంకుల్, ప్రపోజర్ ఈ నియోజకవర్గం ఓటరై ఉండాలి కదా? నాది హిందూపురం."

"నాది మధిర," అన్నాడు పక్కవాడు.

"మాది పాలకొల్లు."

"ఎవరికైనా ఇక్కడ ఉందా?" అన్నాను. చట్టం సెక్షన్ నంబరుతో సహా అందరికీ వచ్చు. ఓటు ఒక్కరికీ లేదు. ఒకడు నెమ్మదిగా, "ఓటు ఇక్కడికి మారిస్తే మా నాన్న ఊరుకోడంకుల్. ఊళ్ళో మా ఇంటి ఓట్లు ఎన్నో అందరికీ లెక్క ఉంటుంది" అన్నాడు. వాణ్ణి ఏమనను? వైశాలిలో ఇల్లు, నోయిడాలో ఉద్యోగం పెట్టుకున్న నా ఓటు ఇవ్వాళ్టికీ చీరాలలోనే ఉంది. ఎన్నికలొస్తే రైలెక్కి వెళ్ళి వేసొస్తాను. మనవాళ్ళం ఎక్కడ బతికినా ఓటు మాత్రం ఊరి గూట్లోనే పెట్టి వస్తాం. ఊరికే వచ్చినదాన్నే రెండుసార్లు తూచి చూడాలని మా నాన్నగారు కొట్లో చెప్పేవారు. ఆ రోజు మెస్ మెట్ల మీద కూచుంటే గుర్తొచ్చింది, ఏం లాభం.

టీ కొట్టువాడిది బిహార్ ఓటు. ఇస్త్రీవాడిది బరేలీ. చివరికి పిల్లలే నన్ను వాళ్ళ పీజీ ఆంటీ దగ్గరికి తీసుకెళ్ళారు. పంజాబీ ఆవిడ. మూడంతస్తుల పీజీ నడుపుతుంది, ఆ గల్లీలో సగం ఇళ్ళు ఆవిడ బంధువులవే. విషయమంతా విని మంచం మీద కాళ్ళు పైకి పెట్టుకుంది.

"పది సంతకాలే కదా మద్రాసీ బాబూ. ఇరవై చేయిస్తాను. నామినేషన్ కాగితాలు రెండు సెట్లు వెయ్యి. అందరూ అలాగే వేస్తారు, ఒకటి పోతే ఒకటి ఉంటుంది."

"మీకేం కావాలి ఆంటీ?"

"మొదటి సెట్టుకి, మీ మైకు బండి నా గల్లీలోకి రాకూడదు. నాకు బీపీ. రెండో సెట్టుకి, నా మూడో అంతస్తు ఖాళీగా ఉంది, మీ తెలుగు పిల్లల్ని పంపించు. రేటు మీద గొడవ పెట్టకూడదు."

బేరం వాసన తగిలితే నాలో ఏదో లేస్తుంది. పది కావలసినచోట ఇరవై అంటగట్టే అమ్మకందారుని చూస్తే మరీను. అవసరం లేని సరుకు చూపించి అవసరమైనదాని ధర పెంచడం, ఇది మా బజారులో చంటిపిల్లాడికి కూడా తెలుసు. "ఒక్క సెట్టు చాలు ఆంటీ" అన్నాను.

బాబాయ్ గారికి ఫోన్ చేసి చెప్పాను.

"రెండోది కూడా తీసుకోరా. మేం నాలుగు వేసేవాళ్ళం."

"ఎందుకు బాబాయ్ గారూ? తప్పులు ఉంటేగా. ఆవిడ గదులు నింపడం మన పనా?"

"కార్యదర్శివి నువ్వు. నీ ఇష్టం" అన్నాడు.

గత ఎన్నికల ఓటరు స్లిప్పులు ఆంటీ ప్లాస్టిక్ కవర్లో దాచి ఉంచింది. వాటి మీది నంబర్లు చూసి ఫారంలో నింపాను. ఆంటీ, ఆంటీ భర్త, కోడళ్ళు, మరుదులు, ఎదురింటి వకీలు, అందరూ నవ్వుతూ సంతకం చేశారు. మర్నాడు గడువు ముగిసేలోగా క్యూలో నిలబడి నామినేషన్ వేశాం. బాబాయ్ గారు బయటికొచ్చి, ఎవరూ తీయని ఫొటోకి నిలబడ్డట్టు గేటు దగ్గర నిలబడ్డాడు. నేనే తీశాను.

ఆ తరవాతి రోజు పరిశీలన. హాలు నిండా అభ్యర్థులు, వకీళ్ళు, ఫైళ్ళు. మా పేరు పిలిచారు. అధికారి కొత్త ఓటర్ల జాబితాతో ఒక్కొక్క పేరూ సరిచూస్తూ వెళ్ళి ఒకచోట వేలు ఆపాడు. ఆంటీ చిన్న మరిది. ద్వారకాలో ఫ్లాట్ కొనుక్కుని వెళ్ళాక వాళ్ళావిడ ఆన్‌లైన్‌లో ఇద్దరి ఓట్లూ అక్కడికి మార్పించింది. ఆయనకే ఆ సంగతి గుర్తులేదు.

"తొమ్మిది మందే ఉన్నారు" అన్నాడు అధికారి.

"సార్, పదోవాణ్ణి అరగంటలో తీసుకొస్తాను."

"గడువు నిన్నటితో అయిపోయింది జీ."

"సార్, మనిషి నిజమే, సంతకం నిజమే. ద్వారకా కూడా ఢిల్లీయే కదా? కాస్త చూడండి సార్." నా గొంతులో నాకు తెలిసిన రకాలన్నీ వాడాను, బతిమాలేది, నవ్వించేది, అలిగి వెళ్ళిపోతున్నట్టు నటించేది. అవతలివాడి దగ్గర తగ్గించడానికేమీ లేనప్పుడు బేరం ఎలా చేస్తారో నాకెవరూ నేర్పలేదు. ఆయన విసుక్కోలేదు కూడా. కాగితాలు తిరగేసి, నిజంగా సాయం చేద్దామన్నట్టే బాబాయ్ గారిని అడిగాడు:

"అంకల్ జీ, రెండో సెట్టు వెయ్యలేదా?"

బాబాయ్ గారు నావైపు చూడలేదు. అదే నన్ను చంపింది. "నహీఁ సాబ్," అన్నాడు. "ఒకటే వేశాం." వేశాం అన్నాడు, ఇద్దరం కలిసి నిర్ణయించుకున్నట్టు. తిరస్కరించినట్టు రాసిన కాగితం తీసుకుని, మడిచి, జేబులో పెట్టుకుని, నా భుజం పట్టుకుని మెట్లు దిగాడు.

పోటీ చేయలేదు కనక పార్టీ పేరు తీసేశారు. నేను ఎవరెవరికో అర్జీలు రాశాను, తెలిసిన వకీలుని కలిశాను. అతను చదివి, "ఇందులో పట్టుకోవడానికి ఏమీ లేదండీ" అన్నాడు. కింది కొట్టు కుర్రవాడు తొందర పెట్టలేదు. సామాను దించడానికి తన మనుషుల్నే పంపించాడు, ఒక పెద్ద సూట్‌కేసు ఊరికే ఇచ్చాడు. అంత మర్యాదగా ఉన్నవాడితో ఏం పోట్లాడతాం?

బాబాయ్ గారు ఇప్పుడు వైశాలిలో మా హాల్లో దివాన్ మీద పడుకుంటాడు. మా ఆవిడ ఆయన్ని బాగా చూసుకుంటుంది. మా అమ్మాయి హిందీలో పలకరిస్తుంది, ఆయన తెలుగులో జవాబిస్తాడు, ఇద్దరికీ సరిపోతుంది. కానీ ఫ్యాను వేసుకోవాలన్నా "వెయ్యనా అమ్మా?" అని అడుగుతాడు. మేం టీవీ కట్టేసేదాకా కూచునే ఉంటాడు, నిద్ర వస్తున్నా. పొద్దున్నే జుబ్బా వేసుకుని మెట్రోలో కరోల్ బాగ్ వెళ్ళొస్తాడు. ఎందుకని అడగడానికి నాకు ధైర్యం లేదు. ఆ గదులు ఇప్పుడు సూట్‌కేసుల గోడౌన్.

ఇక బిల్లు. డిపాజిట్ పైసాతో సహా వెనక్కి వచ్చింది; నామినేషన్ చెల్లకపోతే తిరిగిచ్చేస్తారు. డిపాజిట్ గల్లంతయ్యే యోగం కూడా మాకు పట్టలేదు. జెండాలు, కరపత్రాలు, మైకు బండి నా ఖర్చు. అది నా జీతంలో ఒక మూలకి రాదు. నేను ఆదా చేసింది ఆంటీ మూడో అంతస్తుకి పిల్లల్ని వెతికే శ్రమ, నిజం చెప్పాలంటే రెండు మూడు ఫోన్లు. ఆ ఫోన్లకి బదులుగా పోయినవి ఒక పార్టీ పేరు, రెండు గదులు, ఒక ముసలాయన లోపలినుంచి గడియ వేసుకోగలిగిన ఒక్క తలుపు. ఇందులో నేను కట్టింది జెండాల మట్టుకే. మిగతాదంతా ఆయన కట్టాడు, నా పేరు బిల్లు మీదకి రాకుండా.