నాలుక లేని ఓడ గంట

పోయిన ఆదివారం ఆరాధన అయ్యాక మా మేనల్లుడు చర్చి మెట్ల మీద నిలబడి, "అత్తా, ఈ పాత గంటని రావులపాలెం పంపించి సాన పట్టించేద్దామండి. అంచంతా సొట్టలే. మెరుగు పెట్టించి అద్దాల పెట్టెలో పెడదాం. మైకులో గంట శబ్దం ఎలాగూ పెట్టించేం కదా" అన్నాడు. వాడు దుబాయి నుంచి వచ్చిన దగ్గర్నుంచి మా పేటలో ఏ వస్తువూ మెరవకుండా ఉండటానికి వీల్లేదు. మంచివాడే. అయినా ఆ మాటకు నాకు ఒళ్లు మండింది. చేతికర్ర గంటకు అడ్డంగా పెట్టి, ఒక్క సొట్ట మీద చెయ్యి పడినా ఊరుకునేది లేదన్నాను. ఎనభై దాటిన ముసలిదానితో ఎవరు పెట్టుకుంటారు? వాడు తగ్గాడు. ఎందుకంత కోపమో వాడికి అర్థం కాలేదు. వాణ్ణి అక్కడే మెట్ల మీద కూర్చోబెట్టి చెప్పిన సంగతే ఇది.

అది ఓడ గంట. మా నాన్న ఆ ఓడ కొలిమిలో బొగ్గు వేసేవాడు. కామందు దగ్గర పాలేరుతనం భరించలేక కలకత్తా పారిపోయి, యుద్ధానికి భయపడి జనం ఓడలు దిగిపోతున్న రోజుల్లో తను ఎక్కాడు. శత్రువులు ముంచేవాటి కంటే జోరుగా కొత్తవి కట్టాలని దొరలు హడావుడిగా కట్టించిన సరుకు ఓడల్లో అదొకటి. "పెళ్లి పందిరి లాంటిదే అమ్మా. ఆ నాలుగు రోజులూ నిలబడితే చాలని కట్టేరు" అనేవాడు. యుద్ధంలో అది మందుగుండు మోసింది, లారీలు మోసింది. దీపాలార్పుకుని గుంపుగా పోతుంటే పక్కనున్న ఓడ మునిగిపోయేది, ఇది మాత్రం పొగ కక్కుకుంటూ ముందుకే పోయేది. కింద కొలిమి దగ్గరున్నవాడికి సముద్రం కనిపించదట. మంట కనిపిస్తుంది, గంట వినిపిస్తుంది, అంతే. యుద్ధం ముగిసినా ఆ పందిరి కూలలేదు. ఒక వర్తకుడు కొన్నాడు, అతని దగ్గర ఇంకొకడు కొన్నాడు. కొన్న ప్రతివాడూ పాత పేరు మీద రంగు పూయించి తనకు నచ్చిన పేరు రాయించాడు. రంగూను బియ్యం, గోధుమలు, జనపనార, అది మోయని సరుకు లేదు. గంట మీద పేరు చెక్కి ఉండటంతో అది మాత్రం ఏ రంగుకూ లొంగలేదు. నాన్న ఆ అక్షరాలు చదవలేడు గాని వాటిని వేలితో తడుముతూ మురిసిపోయేవాడు.

చివరికి ఒక తుపానులో నడుము విరిగి కలకత్తా చేరితే దాన్ని విప్పి పాత ఇనుము కింద అమ్మేశారు. విప్పే పనిలో నాన్న కూడా ఉన్నాడు. పని అయ్యాక నీకేం కావాలని మేస్త్రి అడిగితే, గంట కావాలన్నాడు. ఇక్కడ అమ్మ పట్టుచీర కోసం ఎదురుచూస్తోంది. నరసాపురం రేవులో పడవెక్కి, గోనెసంచిలో చుట్టిన గంటను చంటిపిల్లలా ఒళ్లో పెట్టుకుని, పడవ ఊగినప్పుడల్లా అది ఖంగుమంటుంటే అందరూ తిరిగి చూస్తుండగా గోదావరి దాటాడు. అమ్మ సంచి విప్పి చూసి, "ఇది కట్టుకుని ఊడ్పులకి ఎల్లమంటారా?" అంది. ఆ తర్వాత రెండు రోజులు ఆయనతో మాట్లాడలేదు. నాన్న వెళ్లి, ఇప్పుడీ చర్చి ఉన్న చోటే, అప్పట్లో ప్రార్థన చేసుకునే పాక ముందు తాటి దూలం పాతి దానికి గంటను వేలాడదీశాడు.

అప్పట్లో ఊడ్పులంటే పొద్దు పొడవకముందే చేలో దిగాలి. చేతిలో ఉన్నది వరి ఆకో గడ్డో తెలియనంత చీకటి పడితే గాని కామందు "ఇహ పొండి" అనేవాడు కాదు. మధ్యాహ్నం గంజి తాగాక ఆడవాళ్లను మళ్లీ గట్టెక్కనిచ్చేవాడు కాదు. మా తమ్ముడు అప్పటికి పాలు తాగే పిల్లాడు. వాణ్ణి చంకనేసుకుని గట్టు మీద తిరగడం నా పని. సాయంత్రానికి వాడు ఏడ్చి ఏడ్చి గొంతు బొంగురుపోయేది. ఆ ఏడుపు వినిపిస్తుంటే వంగి ఊడుస్తున్న అమ్మ పైట పాలతో తడిసిపోయేది. ఇంటికెళ్లి పొయ్యి రాజేసేసరికి పిల్లలు తినకుండానే నిద్రపోయేవారు. నాన్న ఇదంతా చూశాడు. ఓడలో ఎవడి వంతు పని వాడిదే. గంట మోగితే పార కింద పెట్టి పైకి వచ్చేయడమే, ఆ తర్వాత ఇంకొక్క పార వెయ్యమని దొర కూడా అడగడట. ఒకరోజు ఎండ పసుపు రంగుకు తిరుగుతుండగా ఆయన వెళ్లి గంట కొట్టాడు. చేలో అమ్మ నడుము నిలబెట్టి, చేతిలోని ఆకు కట్ట నీళ్లలో వదిలేసి గట్టెక్కింది. ఆమె వెనక మిగతావాళ్లంతా ఎక్కారు.

కామందు అంతెత్తున లేచాడు. "ఎవడ్రా గంట కొట్టింది? నా చేలో పొద్దు గుంకేది నేను చెప్పినప్పుడు!" అని పాక దగ్గరికే వచ్చి అరిచాడు.

"ఓడ గంటండి. ఇది మోగితే పని దించాల్సిందేనండి. యుద్ధంలో కూడా అంతేనండి, ఆయ్" అన్నాడు నాన్న, చేతులు కట్టుకోకుండా. చేతులు కట్టుకోకపోవడమే పెద్ద నేరమైంది.

మర్నాడు మేమంతా చేలో ఉండగా కామందు మనుషులు వచ్చి గంట లోపల వేలాడే నాలుక పీక్కుపోయారు. సాయంత్రం నాన్న వచ్చి గట్టు మీద నిలబడి ఆ సంగతి చెప్పాడు. గొడుగు కింద కూర్చున్న కామందు, "ఇప్పుడు మోగించండ్రా చూస్తాను" అని నవ్వాడు. నా చంకలో తమ్ముడు ఏడుపు అందుకున్నాడు. అమ్మ గట్టెక్కి ఎవరితోనూ ఏమీ అనకుండా ఇంటికెళ్లి రోకలి తీసుకుంది. రోకలి చివర ఇనుప పొన్ను ఉంటుంది కదా, దానితో గంట అంచు మీద ఒక్కటి వేసింది. అబ్బ, ఏం మోత! నాలుకతో మోగినప్పుడు మా కామందు చేల దాకానే వినిపించిన గంట ఆ దెబ్బకు కాలవ దాటింది. అవతల వేరే కామందుల చేలల్లో ఊడుస్తున్నవాళ్లు కూడా లేచి నిలబడ్డారు. నవ్వుతున్న మనిషి నవ్వు ఆపి గొడుగు మడిచాడు.

ఆ తర్వాత మమ్మల్ని పనికి పిలవలేదు. పేటలో నూకలు నిండుకున్నాయి. మాకు భయం వెయ్యలేదంటే అబద్ధం. నాన్న కూడా ఒకసారి మెత్తబడి, "తీసేద్దామంటావేటి?" అన్నాడు. అమ్మ కస్సుమంది. "చీర మానుకున్నాను దీని కోసం. ఉండనియ్యండి." అటు కామందు పొరుగూళ్ల కూలీల కోసం మనుషులను పంపితే, మేమూ గంట మోగితే పని దించి లేస్తామన్నారట వాళ్లు. ఊడ్చడానికి పీకిన ఆకు కట్టలు పసుపెక్కుతున్నాయి. ఆఖరికి కామందు పాలేరు వచ్చి గుమ్మం బయట నిలబడి, "రేపు రమ్మన్నారండి" అన్నాడు. "గంటకి లేస్తామని చెప్పు" అంది అమ్మ. "దానికీ సరేనన్నారండి" అన్నాడు వాడు, నేల చూపులు చూస్తూ. నాలుక మాత్రం తిరిగి రాలేదు. మేమూ అడగలేదు. అప్పటి నుంచి ఆ గంటను రోకలితోనే కొడుతున్నాం.

ఇదంతా విని మా మేనల్లుడు గంట అంచు మీది సొట్టలను వేలితో తడిమాడు. "మీ నాన్న వేళకి పాలు తాగింది ఈ రోకలి సొట్టల వల్లరా" అన్నాను. వాడు మైకు కట్టేసి, మూలనున్న రోకలి తెచ్చి నా చేతికిచ్చాడు. నేను కొట్టలేదు, వాడి చేతే కొట్టించాను. ఓడ పోయింది, కామందు పోయాడు, అమ్మా నాన్నా పోయారు. కాలం అందరినీ తీసుకుపోయింది గాని, పొద్దుండగా ఇల్లు చేరే ఆ సాయంత్రాన్ని మాత్రం మా దగ్గర్నుంచి తీసుకోలేకపోయింది.