ఎకరానికి ఎంతండీ?

మా మేనత్త పోయింది. భీమవరం ఆసుపత్రిలో, పొద్దున కాఫీ అడిగి, అది వచ్చేలోగా. నేను పాస్టరుగారికి ఫోన్ చేసి చెప్పి, లోపలికెళ్లి ఆవిడ కళ్లజోడు తీసి సంచిలో పెట్టుకుని బయటికొచ్చేసరికి మా చర్చి వాట్సాప్ గ్రూపులో గులాబీ పువ్వుల బొమ్మ వచ్చేసింది. "మన ప్రియమైన మేడమ్‌గారు ప్రభువునందు నిద్రించారు" అని పెట్టింది సంఘపెద్దగారు. కింద వరసగా చేతులు జోడించిన బొమ్మలు. బతికున్నప్పుడు ఆవిడకి దణ్ణం పెట్టడానికి చేతులు రానివాళ్లు కూడా పెట్టారు. చచ్చినవాడి కళ్లు చారెడు అంటారు కదా.

ఈ నాలుగు ముక్కలు దుఃఖంతోనే రాయడం లేదు, కోపంతో కూడా రాస్తున్నాను. ఆ సంగతి ముందే చెప్పేస్తే మంచిది.

ఆవిడ మా నాన్నకి అక్క. ఆడపిల్లల కాలేజీలో జువాలజీ చెప్పి రిటైరైంది. పెళ్లి చేసుకోలేదు. ఎందుకు చేసుకోలేదని అడిగితే "తీరిక లేక" అనేది. కాటన్ చీర, చేతికి మగవాళ్ల వాచీ, ఎప్పుడూ తడిగా ఉండే చీర చెంగు. ఎక్కడ నీళ్లు కనిపించినా చెయ్యి ముంచి చూడకుండా ఉండలేదు. పెళ్లికి పిలిస్తే ఆ ఇంటి వెనకున్న చేపల చెరువు గట్టు మీద దొరికేది. నోరు మాత్రం మహా చెడ్డది. ఆ మాట ఊళ్లోవాళ్లు అంటే నాకు ఒళ్లు మండుతుంది గాని నేను అనుకోవచ్చు. "నోరు మంచిదైతే ఊరు మంచిదవుతుంది మేడమ్‌గారూ" అని ఎవరో అంటే, "ఊరి కోసం నోరు మార్చుకుంటే పాఠం ఎవరు చెబుతారండీ?" అంది.

నాచంటే ఆవిడకి ఒక రకమైన ప్రేమ. చేపలు పెంచేవాళ్లకి అది శత్రువు, ఆవిడకేమో బుద్ధి తక్కువ బంధువు. ఒకసారి మా హాల్లో కిటికీ పక్కన అక్వేరియం పెట్టుకున్నాం. నెల తిరక్కుండా అద్దాలు పచ్చబడ్డాయి. షాపులో చిన్న సీసా ఇచ్చారు, నాచు పోయే మందు. ఇన్ని లీటర్లకి ఇన్ని చుక్కలని సీసా మీద ఉంది. మా ఆయన టేపు తెచ్చి తొట్టె పొడవూ వెడల్పూ ఎత్తూ కొలిచి, లెక్క కట్టి, చుక్కలు వెయ్యబోతుండగా అత్తయ్య వచ్చి సీసా లాక్కుంది.

"అల్లుడుగారూ, తొట్టెలో సగం దాకా రాళ్లూ ఇసకా పోశారు కదండీ?"

"అవునండి, అందంగా ఉంటుందని."

"రాళ్లు మందు తాగవండీ. వాటి వాటా కూడా చేపలే తాగాలి."

తర్వాత సీసా వెనక సన్నక్షరాలు చదివింది. అందులో రాగి ఉంది. రాగి ఉన్న మందు పడితే నత్తలూ రొయ్యలూ ముందు పోతాయని, చేపలకి కూడా నీళ్లలో సున్నం తక్కువైతే అదే విషమవుతుందని చెప్పింది. మందు వెయ్యనివ్వలేదు. తొట్టెని కిటికీ దగ్గర్నించి జరిపించింది, మేత తగ్గించమంది, వారానికోసారి కొన్ని నీళ్లు తీసి కొత్తవి పొయ్యమంది. అద్దాలు మూడు వైపులా తుడిచి నాలుగో వైపు వదిలేసింది. "నాచు వచ్చిందంటే మనం ఎక్కువ పెట్టామని అర్థం. ముందు మన చెయ్యి తగ్గాలి, మందు తర్వాత" అంది. మాకు కూడా కలిపి వడ్డించిందేమో అనుకున్నాను, అప్పట్లో నేను వంట ఎక్కువ చేసేదాన్ని.

ఆవిడ దగ్గర చదువుకున్నవాళ్లకి ఇంకో మాట గుర్తుండే ఉంటుంది. "చేపకి ఆకలేసినా పైకొస్తుంది, ఊపిరాడకపోయినా పైకే వస్తుంది. ఏదో తెలుసుకోకుండా మేత చల్లకండి." ఈ మాట క్లాసులో విని నవ్వుకున్నవాళ్లు చాలామంది ఇప్పుడు చెరువుల యజమానులు.

ఇక మా చర్చి చెరువు సంగతికి వస్తాను. చర్చి వెనక అర ఎకరం చెరువుంది. కోతపండగ రోజున ప్రేమవిందులో వండే చేపలు అందులోవే. ఆ పులుసు తినకపోతే మా సంఘంలో పండగైనట్టు కాదు. ఒక ఏడాది పండగ దగ్గర పడుతుండగా నీళ్లు చిక్కగా, రంగు కలిపినట్టు ఆకుపచ్చగా అయిపోయాయి. చేపలు బలవాలని తవుడు తెగ చల్లారు మరి. సంఘపెద్దగారు అత్తయ్య దగ్గరికొచ్చారు. ఆయనకి సొంత చెరువులు చాలా ఉన్నాయి, అందుకే అడగడానికి కూడా నిలబడే అడిగారు.

"మేడమ్‌గారూ, మైలుతుత్తం కొడదామనుకుంటున్నామండి. ఎకరానికి ఎంతండీ?"

మైలుతుత్తమంటే ఆ రాగి మందే. మన డెల్టాలో అన్నీ ఎకరం లెక్కే. విత్తనం ఎకరానికింత, యూరియా ఎకరానికింత, కౌలు ఎకరానికింత. అత్తయ్యకి మాత్రం ఆ మాట వింటే చెవిలో చీమ దూరినట్టుండేది.

"ఎకరం నేలకండీ. నీళ్లకి లోతు ఉంటుంది. లోతెంత?"

"నిలువెత్తు ఉంటుందండి. మా చెరువులన్నీ అంతే."

"మీ చెరువుల సంగతి అడగలేదు. ఇది తవ్వి ఎన్నేళ్లయింది? పూడిక తీశారా ఎప్పుడైనా? పచ్చనీళ్లలో అడుగు కనపడదండీ, మోకాలి లోతు కూడా నూతిలా ఉంటుంది."

మర్నాడు ఆవిడ కూర్చుని ఒక వెదురుకర్ర తయారుచేసింది. మూరకొకటి చొప్పున చుట్టూ గీతలు. పెయింటు కోసం వెతక్కుండా ఫ్యాన్సీ షాపులో ఎర్ర గోళ్లరంగు కొంది. జీవితంలో గోరుకి రంగెయ్యని మనిషి ఆ రంగు కొంటే వీధంతా నవ్వింది. కర్ర బురదలోకి దిగబడకుండా చివర కొబ్బరిచిప్ప బోర్లించి తీగతో కట్టింది. అది సంఘపెద్దగారి చేతికిచ్చి, నా ఎదురుగానే, చిన్నపిల్లాడికి చెప్పినట్టు చెప్పింది. చెరువులో అన్ని వైపులా కర్ర దించి చూడండి. ఆ లోతు నాకొచ్చి చెప్పండి, అప్పుడు మందు లెక్క చెబుతాను. ఒకేసారి చెరువంతా కొట్టకండి, ఒక పక్క కొట్టి ఆగండి. ఎండ బాగా ఉన్న రోజున, పొద్దున్నే కొట్టండి. చచ్చిన నాచు కుళ్లి నీళ్లలో ప్రాణవాయువంతా లాగేస్తుంది, అందుకని ఏరేటర్ అద్దెకి తెచ్చి తిప్పండి. మబ్బు పడితే మాత్రం ముట్టుకోకండి.

"అలాగేనండి" అని ఆయన కర్ర పట్టుకెళ్లారు. లోతు చెప్పడానికి మళ్లీ రాలేదు.

అల్పపీడనం పట్టింది. పండగ ముంచుకొస్తోంది. ఒక మబ్బు సాయంత్రం తుత్తం గోనెసంచుల్లో కట్టి చెరువంతా ఈడ్పించారు, నిలువెత్తు నీళ్ల లెక్కన, ఎకరం లెక్కన. తెల్లారేసరికి చేపలన్నీ పైకొచ్చి నోళ్లు తెరుస్తున్నాయి. సంఘపెద్దగారు గట్టు మీద నిలబడి "మందు పనిచేసింది, చూడండి ఎలా ఆకలిమీదున్నాయో" అని మళ్లీ తవుడు చల్లించారు. అది నేను కళ్లారా చూశాను. పొద్దెక్కేసరికి చెరువంతా తెల్లటి పొట్టలు.

ఆ ఆదివారం ప్రార్థనలో ఆయన "ప్రభువా, తెలియక తప్పు మందు చెప్పినవారిని క్షమించు" అన్నారు. పేరు చెప్పలేదు. చెప్పక్కర్లేకపోయింది, అందరి తలలూ మా బెంచీ వైపు తిరిగాయి. అత్తయ్య అక్కడే లేచి నిలబడింది.

"నన్నెందుకండీ క్షమించడం? నేను మందే చెప్పలేదు. లోతు అడిగాను."

"పోనివ్వండి మేడమ్‌గారూ, అయిపోయిందేదో అయిపోయింది" అన్నారు పాస్టరుగారు. పాట మొదలుపెట్టేశారు.

అప్పట్నించీ మా ఊళ్లో అది ఖాయమైపోయింది. మేడమ్‌గారు చెప్పిన మందుకే చేపలు చచ్చాయి. చేపల రేటు అడగడానికొచ్చినవాళ్లు కూడా ఆ కథ చెప్పుకునేవాళ్లు. ఆవిడ దగ్గరికి చెరువు సందేహాలతో వచ్చే రైతులు రావడం మానేశారు. గేటు చప్పుడైతే ఆవిడ తలెత్తి చూసేది, పాలవాడో పేపరువాడో అయ్యేవాడు. నలభై ఏళ్ల చదువుని ఒక్క ప్రార్థనతో ఊడ్చి పారేశారు. తర్వాతి కోతపండగలకి ఆవిడ వచ్చి, అన్నమూ పప్పూ వడ్డించుకుని, చేప వద్దనేది. చూశారా, తప్పు చేసిన బాధ, అనుకునేవారు.

ఇంటింటికీ వెళ్లి చెబుదాం పద అని నేను ఎగిరిపడేదాన్ని. ఆవిడ నాచు వదిలేసిన మా అక్వేరియం అద్దం దగ్గర కూర్చుని, చేపలు దాన్ని గీక్కుని తింటుంటే చూస్తూ, "నీళ్లలో కలిసిన మందుని వెనక్కి తియ్యలేమే అమ్మాయ్. మాట కూడా అంతే" అనేది. శాంతంగా అన్నదని మీరు అనుకోవద్దు. ఆ మాట అన్నప్పుడు ఆవిడ దవడ బిగుసుకునేది. ఆ మధ్య ఆసుపత్రిలో కూడా ఒకసారి నిద్రలోంచి లేచి "లోతు చూశారా?" అని అడిగింది. ఎవర్ని అడిగిందో నాకు తెలుసు.

పోయినవాళ్లని తలుచుకునే ఆదరణ కూడిక చర్చి ఆవరణలోనే పెట్టారు. షామియానా కింద కుర్చీలు, మైకు, ఆవిడ ఫొటోకి దండ. సంఘపెద్దగారు లేచారు. "మేడమ్‌గారు మా సంఘానికి తల్లిలాంటివారు. చెరువు విషయంలో ఆవిడ వల్ల చిన్న పొరపాటు జరిగినా, ప్రభువు దాన్ని మరచిపోయాడు, మనమూ మరచిపోయాం." అందరూ తలలూపారు. మరచిపోయినవాడు మైకులో చెబుతాడా?

ఆయన మొహం చూడలేక తల పక్కకి తిప్పుకున్నాను. ఆయన పక్కనే షామియానా మూల నిలబెట్టిన గుంజ. దాని తల మీద కొబ్బరిచిప్ప, చిప్పకి చుట్టిన తాడు. గుంజ పొడవునా ఎర్ర గీతలు. షామియానావాళ్లు చర్చి స్టోరుగదిలోంచి తెచ్చి తలకిందులుగా పాతేశారు. చిప్పకి బురద మచ్చ లేదు. తీగకి తుప్పు లేదు. గోళ్లరంగు నిన్న వేసినట్టుంది. ఆ కర్ర ఏనాడూ నీళ్లు ముట్టుకోలేదు.

భోజనాలయ్యాక ఆయనే నా దగ్గరికొచ్చారు.

"అమ్మా, చెరువు మళ్లీ పచ్చబడింది. మేడమ్‌గారు నీకేమైనా చెప్పారా? ఎకరానికి ఎంతంటావు?"

షామియానా విప్పుతున్నవాళ్లని అడిగి ఆ కర్ర తీసుకున్నాను. "రండి" అన్నాను. ఆయన వచ్చారు, ఎందుకో తెలియక ఇంకో నలుగురు కూడా వచ్చారు. గట్టు దిగి, చీర తడుస్తున్నా లోపలికి నడిచి, చెరువు నడిమధ్యకి కర్ర దించాను. మొదటి గీత మునిగింది. చిప్ప అడుగుకి తగిలింది. రెండో గీత మునగలేదు.

"ఇంతేనా?" అన్నారు ఆయన గట్టు మీంచి.

కర్రని బురదలోకి గట్టిగా అదిమి అక్కడే వదిలేసి వచ్చాను. ఇప్పటికీ ఉంది. చర్చికి వెళ్లే ప్రతివాళ్లకీ కనిపిస్తుంది, ఆ పచ్చనీళ్ల మీద, తడవకుండా మిగిలిపోయిన ఆవిడ ఎర్ర గీతలు.